ఎండురొయ్యల వాసనకు వచ్చిన అతిథి

డ్యూసెల్‌డార్ఫ్‌లో ఉన్నప్పుడు ఒకసారి ఎండురొయ్యలు వేయించాను. పై ఇంటావిడ గబగబా దిగొచ్చి, లోపల ఎవరైనా చచ్చిపడున్నారా అని ఎంతో మర్యాదగా వాకబు చేసింది. కిటికీ మూస్తే మెట్ల మీదికి వాసన, తెరిస్తే పెరట్లోకి వాసన. వాసన రాకుండా వండే విద్య ఆ మహాతల్లికే తెలియాలి.

అందుకే ఉత్తరాన, సముద్రం పక్క చిత్తడినేలలో ఒంటరి ఉద్యోగం దొరకగానే ఎగిరి గంతేశాను. ఒక చెక్క గది, చుట్టూ గడ్డి, గాలి. తీతువు పిట్టల గుడ్లు తినిపోయే రకూన్లను, అంటే పిల్లికన్నా కాస్త పెద్దగా, కళ్లకు నల్ల గంతలు కట్టినట్టుండే జంతువులను, బోన్లు పెట్టి పట్టడం నా పని. మా వైపు తీతువు కూస్తే ఎవరికో మూడిందని వణుకుతారు. ఇక్కడ దాని గుడ్లకు కాపలా కాయమని నాకు జీతం. అదృష్టమంటే నాదే!

డ్యూసెల్‌డార్ఫ్‌లోనే ఉంటున్న హైదరాబాదు స్నేహితురాలు ఫోన్ చేసి, "ఏందే, ఆ అడవిల ఒక్కదానివే ఎట్లుంటున్నవ్? నిన్ను చూడాల్నంటే ఈడి ఆఫీసులల్ల లెక్క ముందుగాల టైమడిగి టెర్మిన్ తీస్కోవాల్నా?" అనేది. వస్తానని మాత్రం ఎన్నడూ అనలేదు.

మా పై అధికారి అక్కడి పాత వేటగాడు. "బోనుకు మనిషి వాసన తగలకూడదు, వంట వాసన అసలే తగలకూడదు" అన్నాడు మొదటిరోజే. సరేనని పోపు మానేశాను. రొట్టె, చీజు. మళ్లీ చీజు, రొట్టె. నోరు చచ్చిపోయింది. బోన్లు ఖాళీగానే ఉన్నాయి, గూళ్లూ ఖాళీ అవుతున్నాయి. "ఈ వారం ఒక్కటీ పడకపోతే నీ ప్రొబేషన్ ఇంతటితో సరి" అన్నాడు పెద్దాయన, రేపు వాన పడుతుందన్నంత తాపీగా.

ఎలాగూ ఊడే ఉద్యోగమే కదా! ఒళ్లు మండి, దాచుకున్న ఎండురొయ్యలు తీసి, మిరపకాయలు దట్టించి, కిటికీలు బార్లా తెరిచి వేయించాను. కడుపారా తిన్నాను. మిగిలినవి బోనులో పడేసి వచ్చాను, చేతులైనా కడుక్కోకుండా.

తెల్లారి చూస్తే బోనులో రకూన్. పారిపోవాలన్న ధ్యాసే లేదు దానికి. చతికిలబడి, రెండు చేతులతో ఒక్కో రొయ్యనూ పట్టుకుని, ఆస్వాదిస్తూ తింటోంది. ఈ దేశంలో నా వంట వాసన పట్టుకుని, కావాలని వచ్చిన మొదటి ప్రాణి. నాకు ఏడుపొచ్చింది.

పట్టినదాన్ని వదలకూడదు, రూలు. ఫోన్ చేశాను. పెద్దాయన తుపాకీతో వచ్చాడు. పని ముగించి, "అద్భుతం! ఏం ఎర వేశావ్?" అని భుజం తట్టాడు.

ఉద్యోగం ఖాయమైంది. ఇప్పుడు తరచూ ఎండురొయ్యలు వేయిస్తున్నాను, డ్యూటీ మీద. నాకే ముద్ద దిగడం లేదు.