రెండడుగుల సున్నం

పదేళ్లుగా నేనొక బరువు మోస్తున్నాను. తూస్తే రెండు గుప్పిళ్లుంటుంది. సున్నప్పొడి. నవ్వొస్తే నవ్వండి, నాకూ అప్పుడప్పుడు నవ్వే వస్తుంది. కానీ ఈ సంగతి మీకు తప్ప ఎవరికీ చెప్పలేదు. నా భార్యకు కూడా.

నేను మేళ్లచెరువులో ఒక బడిలో ఆటల సారును. సిమెంటు ఫ్యాక్టరీల పుణ్యమా అని మా వైపు తెల్లపొడికి కరువు లేదు. పెయింటు డబ్బా అడుగున మేకుతో చిల్లులు పొడిచి, పొడి నింపి, కట్టిన తాడు వెంట ఊపుకుంటూ నడిస్తే ఫుట్‌బాల్ గ్రౌండుకు గీతలు పడతాయి. ఆ పనిలో నన్ను మించినవాడు లేడని పేరు. ఎక్కడ పోటీలు పెట్టినా డబ్బాతో సహా నన్నే పిలిచేవారు.

తెలంగాణ వచ్చిన కొత్తలో ఆడపిల్లల ఫైనల్ మా గ్రౌండులోనే జరిగింది. మాకూ, మహబూబ్‌నగర్ జట్టుకూ. మా డిఫెండర్ రూతు, ఫ్యాక్టరీలో బస్తాలెత్తే ఆయన కూతురు. ఎదుటివాళ్లు బంతి తెస్తుంటే తొందరపడేది కాదు. వాళ్లెటు తిరుగుతారో ముందే తెలిసినట్టు అక్కడికెళ్లి నిలబడేది. అవతలి ఫార్వర్డ్ షహనాజ్ చిచ్చరపిడుగు. హైదరాబాదు నుంచి వచ్చిన కోచ్ ఇద్దరి మీదా కన్నేశాడు. శిక్షణకు తీసుకుపోయేది మాత్రం ఒక్కరినే అని ముందే చెప్పాడు.

మేం ఒక గోలు ముందున్నాం. ఇంకా ఐదు నిమిషాలుంది. షహనాజ్ బంతితో దూసుకొచ్చింది, రూతు కాలు అడ్డం పెట్టింది, ఆ పిల్ల బోర్లా పడింది. ఫౌలే, అందులో అనుమానం లేదు. పెనాల్టీ బాక్సు లోపలైతే పెనాల్టీ, అంటే దాదాపు గోలు. బయటైతే మామూలు ఫ్రీకిక్. కానీ గీత ఏది? గాలికీ పిల్లల కాళ్లకూ ఆ మధ్యలో పొడంతా లేచిపోయింది.

రిఫరీ నన్ను కేకేశాడు.

"సారూ, గీత ఏడుండె? గీసింది మీరే గదా. జర చూపెట్టుండ్రి."

డబ్బా తీసుకుని పోయాను. నేల మీద తెల్లటి మరక సన్నగా కనబడుతూనే ఉంది. నా కళ్లకు కనబడింది. దాన్ని చెప్పుతో తొక్కి, రెండడుగులు గోలు వైపు జరిగి కొత్త గీత గీశాను.

"గీడనే ఉండె సారూ."

షహనాజ్ లేచి మోకాలికంటిన మట్టి దులుపుకుంది. "సార్, నేను లోపలికొచ్చిన సార్. పక్కా."

"లేదు బిడ్డా. రెండడుగులు తక్కువైంది."

ఆ పిల్ల నా ముఖంలోకి చూసింది. "అట్లనా సార్? గీసింది మీరు గద, మీకే ఎరుక."

పోట్లాడి ఉంటే బాగుండేది. నమ్మింది. గీత మధ్యలో ఎందుకు వంకర తిరిగిందని ఎవరూ అడగలేదు. మా గ్రౌండులో ఏ గీత తిన్నగా ఉందని? ఫ్రీకిక్ గోలుపైనుంచి పోయింది. కప్పు మాది. కోచ్ రూతును తీసుకుపోయాడు.

ఎందుకు చేశాను? రూతు కోసమని చాలా ఏళ్లు నాకు నేనే చెప్పుకున్నాను. వినడానికి బాగుంటుంది కదా. కానీ గడ్డం గీసుకుంటూ అద్దంలో మనిషిని గట్టిగా అడిగితే వాడు వేరే మాట చెబుతాడు. అప్పటిదాకా మా బడికి ఒక్క కప్పూ రాలేదు. నాకు కప్పు కావాలి. అంతే.

రూతు ఎంతో పైకొచ్చింది. ఇండియా జెర్సీ వేసుకుంది. సైప్రస్‌లో ఒక క్లబ్బుకు ఆడటానికి పోయి అక్కడే స్థిరపడింది, వాళ్ల జట్టుకు కెప్టెనయింది. ఆమె ఆటలో నా సున్నం ఒక్క రవ్వ కూడా లేదు, అదంతా ఆమె కష్టమే. మరి మొదటి మెట్టు మీద? అక్కడుంది. తన జెర్సీ ఒకటి నాకు పంపింది. మా ఆవిడ వేసుకోమంటుంది. బిగుతుగా ఉందని తప్పించుకుంటాను. నా పొట్టను చూసి ఆవిడా నమ్మింది.

షహనాజ్ మహబూబ్‌నగర్‌లో ఆటల టీచరయింది. పోటీలకు నన్ను పిలిచిన చోటల్లా వెంట ఉండి, గీతలు గీయడం నా దగ్గరే నేర్చుకుంది. తాడు రెండో కొస పట్టుకుని, "సార్ గీసిన్రంటే టేపు పెట్టి చూసే పనే లేదు" అని అందరి ముందూ అంటుంది. గుమ్మడికాయల దొంగ ఎవరంటే భుజాలు తడుముకున్నట్టు నేను చేతులు దులుపుకుంటాను.

ఇంకా వినండి. ఆమె తన పిల్లలకు చెప్పే మొదటి పాఠం ఇది: "నేను రెండడుగుల ముందే పడ్డ. మీరు గట్ల పడొద్దు. ఎవరు తాకినా ఇంకో రెండడుగులు ఉరుకుండ్రి." ఆ పిల్లలు పడరు! ఎంత తోసినా పడరు! పోయినేడు మా బడి మీద నాలుగు గోల్స్ కొట్టారు. నా సున్నం నా నెత్తినే పడింది. గట్టు మీద కూర్చుని కడుపునిండా నవ్వుకున్నాను, సిగ్గుతో చెవులు కాలుతుంటే.

అబద్ధం నుంచి అంత మంచి పాఠం పుట్టింది కదా, ఇక వదిలెయ్ అంటుంది మనసు. కానీ ఆమె తన కాళ్లను తప్పుబట్టుకుంటోంది. ఆ కాళ్లు ఏ తప్పూ చేయలేదు.

ఈ ఏడు నేను రిటైరవుతున్నాను. "రిటైరైతే ఏంది సార్, మా గ్రౌండుకు గీత మీరే గీయాలె" అని పిలిచింది. రేపు పొద్దున్నే మహబూబ్‌నగర్ బస్సెక్కుతాను. ఆమె తాడు పట్టుకునే ముందు ఇదంతా రాసిన ఈ కాగితం చేతిలో పెడతాను. తిడుతుందో, నవ్వుతుందో, డబ్బా లాక్కుని పంపించేస్తుందో తెలియదు. ఏం చేసినా ఆమె ఇష్టం. నేను క్షమించమని అడగను. మూడుసార్లు రాసి కొట్టేసిన మాట ఒకటుంది, అది మాత్రం ఈసారి కొట్టేయను.

బిడ్డా షహనాజ్, ఆ రోజు నువ్వు పడింది బాక్సు లోపలే.