ఎరుపు నేలకేసి

మొదట చప్పుడే వినిపించింది. కంకర రోడ్డు అవతల, సమాధుల తోటలో గడ్డి కోసే బండి నడుస్తోంది. కోతకు ఒక సన్నని ఈల ఉంటుంది, దూరంగా ఎవరో పట్టుగుడ్డ చింపుతున్నట్టు. ఈ చప్పుడులో ఆ ఈల లేదు. తడి దుప్పటిని కర్రతో బాదుతున్నట్టు ఉంది.

కాఫీ అక్కడే పెట్టి బయటికి వచ్చాను. దేవదారు చెట్ల వెనకనుంచి బండి తేలి వచ్చింది. దాని మీద వెర్లిన్ హాస్కెట్, డెబ్బై తొమ్మిదేళ్ళ మనిషి, టోపీ కళ్ళ మీదికి లాక్కుని, గుర్రం మీద కూర్చున్నంత నిటారుగా. ఆయన వెనక గడ్డి తెగలేదు. పడుకుంది, అంతే.

ముప్పై ఎనిమిదేళ్ళుగా ఆ తోటలో గడ్డి ఆయనదే. మొదట్లో పగలంతా మొక్కజొన్న గోదాములో పని, సాయంత్రం ఇక్కడ. గోదాము మానేశాక రోజంతా ఇక్కడే. ఏడో వరసలో ఆయన భార్య ఆర్డిస్ ఉంది. ఆ రాయి దగ్గర మాత్రం బండి దిగి, మోకాళ్ళ మీద కూర్చుని కత్తెరతో కోసేవాడు.

ఏప్రిల్ రాగానే చుట్టుపక్కల బండ్లన్నీ బ్లేడ్లు మార్పించుకోడానికి ఆయన కొట్టం ముందు బారులు తీరేవి. ఏళ్ళ తరబడి పదును పట్టించిన బ్లేడు మీద అక్షరాలు అరిగిపోతాయి. ఏ వైపు కిందికో తెలియదు. తిరగేసి బిగిస్తే పదును వెనక్కి పోయి మొద్దు వీపు ముందుకొస్తుంది. అందుకని ప్రతి బ్లేడుకూ నేలవైపు ఒక ఎర్ర రంగు చుక్క పెట్టేవాడు. "ఎరుపు నేలకేసి. ఇదొక్కటి గుర్తుంచుకో పిల్లా, మిగతావన్నీ మర్చిపోయినా పర్లేదు" అనేవాడు. అప్పుడు నాకు పదహారేళ్ళు, ఆ కొట్టంలో ఆయనకు చెయ్యందించే పక్కింటి పిల్లని. ఇప్పుడు యాభై నాలుగు. ఇంకా పిల్లనే.

ఆ తడి దుప్పటి చప్పుడు విన్నది బుధవారం. వచ్చే సోమవారం మెమోరియల్ డే, ఊరంతా తమవాళ్ళ సమాధులకు పూలు పట్టుకుని వచ్చే రోజు. శుక్రవారానికి గడ్డి కుదురుగా లేకపోతే పని కంట్రాక్టు వాళ్ళకి ఇచ్చేస్తానని, తోట బాధ్యత చూసే లోరెన్ తేల్చి చెప్పేశాడు.

నేను చెయ్యి ఊపి బండి ఆపించాను.

"ఏంటి వెర్లిన్, గడ్డిని నిద్రపుచ్చుతున్నావా?"

"ఈ ఏడాది దీనికి పొగరెక్కింది పిల్లా. ఇప్పుడు ఒంగుతుంది, పొద్దున్నకి లేచి కూర్చుంటుంది."

"బ్లేడ్లు ఎప్పుడు మార్చావు?"

"నిన్ననే. నా బ్లేడ్ల సంగతి నీకెందుకు? నీ టమాటాలు చూసుకో, పో."

అయినా బండిని కొట్టానికి నడిపించాను. వెర్లిన్ ముందు చక్రాలు వాలు చెక్కల మీదికి ఎక్కించాడు. ఇంజను పొరపాటున అంటుకోకుండా స్పార్క్ ప్లగ్గు తీగ లాగేశాడు. బ్లేడు తిరక్కుండా సందులో చెక్కముక్క దోపి, పానా పెట్టి ఎడమకు తిప్పాడు. ఆ చేతులకు అన్నీ గుర్తున్నాయి. నేను వంగి కిందికి చూశాను. రెండు బ్లేడ్లకూ ఎరుపు పైకి ఉంది.

"ఏ దద్దమ్మ బిగించాడిది?" అన్నాడు వెర్లిన్.

నా మొహంలోకి చూసి, టోపీ తీసి, మళ్ళీ పెట్టుకున్నాడు.

"నేనేనా?"

"నువ్వే."

"మరి చెప్పవే. ఊరికే దద్దమ్మ అన్నాను, పాపం" అని నవ్వాడు.

ఇద్దరం సరిగ్గా బిగించాం. బండి మళ్ళీ తోటలోకి వెళ్ళింది. ఈల వినిపించింది. రెండు వరసలు పచ్చగా తెగి పడ్డాయి. గాలి నిండా తెగిన గడ్డి వాసన. ఇంతలో వాన వచ్చి పని ఆగిపోయింది.

గురువారం పొద్దున్నే మళ్ళీ తడి దుప్పటి చప్పుడు.

పరుగెత్తాను. "ఎవరో వచ్చి తిరగేసి పోయారు పిల్లా" అన్నాడు గర్వంగా. "పొద్దున్నే లేచి సరిచేశాను. ఎరుపు ఆకాశానికేసి."

"నేలకేసి, వెర్లిన్. నువ్వే నేర్పావు."

"నేను నేర్పితే నాకు తెలీదా?"

మళ్ళీ మార్చి, బడి వంటగదిలో నా పనికి వెళ్ళాను. మధ్యాహ్నం వచ్చేసరికి ఎరుపు పైకి ఉంది. ఈసారి బ్లేడ్లు సరిచేసి పానా దాచాను. ఆ కొట్టంలో పానాలు నలభై ఉన్నాయి. నేనే కోస్తానని చెయ్యి చాపితే, బండి తాళంచెవి జేబులో వేసుకుని, దాని మీద అరచెయ్యి పెట్టుకున్నాడు. సాయంత్రం దాకా తీయలేదు.

శుక్రవారం లోరెన్ వచ్చాడు. పడుకున్న గడ్డి అప్పటికే లేచి నిలబడింది.

"ఇంకొక్క రోజు ఆగు లోరెన్" అన్నాను.

"ఒక్క రోజులో ఏం మారుతుందో చెప్పు నోరీన్. ఆగుతాను."

ఆయన కోపంగా అడగలేదు. అదే ఇంకా కష్టంగా ఉంది.

శనివారం కంట్రాక్టు వాళ్ళు మూడు బండ్లతో వచ్చి నలభై నిమిషాల్లో ముగించారు. వెర్లిన్ తన ఇంటి మెట్ల మీద కూర్చుని చూస్తూనే ఉన్నాడు. ఎక్కడినుంచో కొత్త మబ్బు వస్తుంటే చూస్తున్నట్టు చూశాడు.

జూన్‌లో కూతురు వచ్చి ఆయన్ను తన ఊరు తీసుకెళ్ళింది. వెళ్ళేరోజు కారు అద్దంలోంచి నన్ను చూశాడు గానీ, ఆ చూపులో నేను లేను. కాబట్టి నన్ను గుర్తుపట్టి ఆయన అన్న చివరి మాటలు మెమోరియల్ డే సోమవారానివే. కాఫీ డబ్బాలో ఆర్డిస్ కోసం పియొనీ పూలు తెచ్చాడు. డబ్బా రాయి దగ్గర పెట్టి, మోకాళ్ళ మీద వంగి, ఒక గడ్డిపరకను వేళ్ళ మధ్య పట్టుకుని, తెగిన కొనను వెలుతురుకేసి పట్టి చాలాసేపు చూశాడు.

"ఎవడు కోశాడో గానీ పిల్లా, బ్లేడ్లు సరిగ్గా బిగించాడు. నేనే నేర్పి ఉంటాను వాడికి."