పొగ తాగిన కారు

ఆ రోజుల్లో ఇక్కడ ఏమీ ఉండేది కాదటగా తాతా, అని మా అపార్టుమెంటు లిఫ్టులో మొన్న ఒక కుర్రాడు నన్నడిగాడు. ఈ మాట వింటే నాకు ఒళ్ళు మండుతుంది. ఏమీ లేకపోవడమేమిటి? బండలుండేవి. ఏనుగంత బండ మీద ఇల్లంత బండ, దాని మీద ఇంకొకటి, ఇవాళో రేపో దొర్లి పడేలా కనబడుతూ తరాల తరబడి పడకుండా నిలిచేవి. వాటి సందుల్లో సీతాఫలం పొదలుండేవి. మిట్టమధ్యాహ్నం అక్కడ నిలబడి దగ్గితే, కాసేపాగి ఎదురుబండలో ఇంకెవరో దగ్గేవారు. వాటన్నిటినీ మందుపెట్టి పేల్చి, అద్దాల మేడలు లేపి, ఏమీ లేనిచోట నగరం కట్టామని చెప్పుకుంటున్నారు, చెప్పుకోనీ. ఆ కుర్రాడు అంతటితో ఊరుకోలేదు. వాడి కారుకి ఏదో జబ్బు చేసిందట, సర్వీసు సెంటరులో కంప్యూటరు తగిలించి చూశారట, 'టర్బో బండి కదా తాతా, వాక్యూమ్ లీకు, మీకు చెప్పినా అర్థం కాదులెండి' అన్నాడు. నేను నా అంతస్తులో దిగిపోయాను. వాడు నాకు అర్థం కాదన్న ఆ జబ్బుతో నాకు పరిచయం వాడి నాన్న పుట్టకముందుది.

అప్పటికి నాకు ఇరవై దాటాయో లేదో. రాయదుర్గం ఊరి మొదట్లో నాకొక సైకిల్ షాపు ఉండేది. సైకిళ్ళు కిరాయికివ్వడం, పంక్చర్లు వేయడం, గాలి కొట్టడం నా వృత్తి. బడి నన్ను ఏడో తరగతిలో వదిలేసింది (నేనే దాన్ని వదిలేశానని మా అక్క అంటుంది, అది శుద్ధ అబద్ధం). ఒక ఆదివారం ఆబిడ్స్ ఫుట్‌పాత్ మీద అట్టలూడిన ఇంగ్లీషు మోటారు పుస్తకం ఒకటి కొన్నాను. పక్కన డిక్షనరీ పెట్టుకుని, ఒక్కో పేజీకి వారం రోజులేసి ఖర్చుపెట్టి చదివాను. మధ్యలో చాలా పేజీలు లేవు. లేని పేజీల్లో ఏముందో నాకు తెలియదు కాబట్టి వాటిలో ముఖ్యమైనదేదీ ఉండదని తీర్మానించుకున్నాను. మోటార్ల గురించి నాకు తెలియనిది లేదని ఊళ్ళో అందరికంటే ముందు నమ్మినవాణ్ణి నేనే.

మా అక్క మొగుడు, అంటే మా బావ, కాలవల ఇంజనీరుగారి దగ్గర డ్రైవరు. ఇంజనీరుగారిది గోదావరి వైపు. సర్కారు కాలవలు తవ్వించే పెద్ద ఉద్యోగం. మంచి గాలి వస్తుందని ఊరికి ఎడంగా బండల మధ్య బంగళా కట్టుకుని, దాని వెనక ఒక గది బావకిచ్చారు. ఆ కొలువు పోతే ఆ గదీ పోతుంది. అక్కకి అప్పుడు నెలలు నిండుతున్నాయి.

కారు విదేశానిది. ఏదో పనిమీద ఇక్కడ కొన్నేళ్ళుండి తన దేశం వెళ్ళిపోతున్న ఒక దొర దగ్గర ఇంజనీరుగారు కొన్నారు. పడవంత పొడవు, లేతాకుపచ్చ రంగు, ఎడమపక్క కూర్చుని నడపాలి. అందులో టర్బో అనే పంకా ఒకటుండేది. బయటికి పోయే పొగ తోపుకి అది తిరిగి, పెట్రోలు కలిసిన గాలిని ఇంజనులోకి కూరి పెడుతుంది. అలాంటిది మా వైపు అంతకుముందెవరూ చూడలేదు, నేనూ చూడలేదు, నా పుస్తకంలో ఆ పేజీలూ లేవు.

వానాకాలం పోయిన కొన్నాళ్ళకి ఆ కారు ఈల వేయడం మొదలుపెట్టింది. ఊరికే నిలబెట్టి ఇంజను నడుపుతుంటే సన్నగా, తీగలాగా, పెదవులు బిగించి ఎవరో వేసినట్టు ఈల. ఎక్సిలేటరు తొక్కి ఎత్తు ఎక్కిస్తే ఈల పోయి ఏడుపు వచ్చేది. లాగే బలం తగ్గి, కారంతా మూలుగుతూ ఎక్కేది. దొర దేశం వెళ్ళాక చచ్చిపోయాడనీ, తన కారుని వెతుక్కుంటూ వచ్చాడనీ బావ తేల్చేశాడు. ఇంజనీరుగారు నవ్వి, ఆయన్ని విమానం ఎక్కించింది నేనేనయ్యా, శుభ్రంగా ఉన్నాడు అన్నారు. బావ చేతులు కట్టుకుని చాలా మర్యాదగా జవాబిచ్చాడు.

"ఎక్కింది సూసిన్రు సార్. దిగింది సూసిన్రా?"

నవ్వులాట ఎన్నాళ్ళో సాగలేదు. కారు రెండుసార్లు నడిరోడ్డు మీద ఆగిపోయి ఇంజనీరుగారికి పెద్ద మీటింగుకి ఆలస్యం చేసింది. రెండోసారి బావ ఆగిన కారులోంచి దిగి, దూరంగా నిలబడి, లోపల కూర్చున్న ఇంజనీరుగారిని కూడా దిగి రమ్మని సైగలు చేశాడట. ఆ సాయంత్రం ఆయన బావని పిలిచి మాట్లాడినప్పుడు నేనూ అక్కడే ఉన్నాను.

"చూడవయ్యా, ఆదివారం దాకా చూస్తాను. అప్పటికీ ఇది ఇలాగే ఏడిస్తే ఎవరికో ఒకరికి అంటగట్టేసి ఆఫీసు జీపులో తిరుగుతాను. జీపుకి డ్రైవరున్నాడు, నీకు తెలుసుగా."

బావ తల వంచుకున్నాడు. గది గుమ్మంలో అక్క పొట్ట మీద చెయ్యి వేసుకుని నిలబడింది. నేను మాత్రం, ఇది దయ్యమూ కాదు గియ్యమూ కాదు, ఎక్కడో గాలి లీకవుతోంది, రేపే పట్టేస్తానని గట్టిగా చెప్పాను. లీకు అన్న మాట నిజమే. దాన్ని పట్టే పద్ధతి దగ్గరే నా పంక్చర్ల బుద్ధి బయటపడింది. ట్యూబుని నీళ్ళలో ముంచితే బుడగలు ఎక్కడొస్తే అక్కడ చిల్లు. ఇంజన్ని నీళ్ళలో ముంచలేం కాబట్టి, మర్నాడు బావ గడ్డం బ్రష్షూ సబ్బూ తీసుకుని బానెట్టు కింద ప్రతి గొట్టానికీ ప్రతి అతుకుకీ నురగ పట్టించడం మొదలుపెట్టాను. ఇంజనీరుగారు వరండాలోంచి చూసి, ఏమయ్యా, ఆఫీసుకి తయారు చేస్తున్నావా అనడిగి లోపలికి వెళ్ళారు.

మిట్టమధ్యాహ్నం. బావ భయపడి గదిలో కూర్చున్నాడు. బండల నీడలో నేనూ కారూ మాత్రమే ఉన్నాం. డ్రైవరు సీటులో ఎవరూ లేరు. ఇంజను వేగం దానంతటదే పెరుగుతోంది, దానంతటదే తగ్గుతోంది, నిద్రపోయే మనిషి రొమ్ములాగా. దూరంగా రాళ్ళు కొట్టేవాళ్ళ సుత్తి చప్పుడు వినబడుతూ ఉండింది, అదీ ఆగిపోయింది. అప్పుడు ఈల వినబడింది. కారులోంచి కాదు, నా వెనక ఉన్న బండలోంచి. బండ తిప్పి కొడుతున్న చప్పుడని నాకు తెలుసు. తెలిసి కూడా వెనక్కి తిరగడానికి నాకు కొంతసేపు పట్టింది. ఎక్కడా ఒక్క బుడగ లేదు. పంకా నుంచి ఇంజనులోకి పోయే వంకర రబ్బరు గొట్టానికి అడుగున బ్రష్షు పెట్టాను. నురగ అక్కడ నిలవలేదు. పెట్టిన నురగ పెట్టినట్టే మాయమైపోయింది, అదే క్షణంలో ఈల కూడా ఆగింది. ఎవరో వేస్తున్న ఈల ఆపి నన్ను చూసినట్టు. తరవాత మళ్ళీ మొదలైంది. నురగ జారిపోయిందని నాకు నేను చెప్పుకుని, ఇంజను ఆపి, బ్రష్షు కూడా తీసుకోకుండా షాపుకి వచ్చేశాను. (ఎండ ఎక్కువగా ఉందని అక్కతో అన్నాను.)

శుక్రవారం పొద్దున బావ నాతో చెప్పకుండా లోబాన్ తాతని పిలుచుకొచ్చాడు. ఆయన చేతిలో నిప్పుల పాత్ర, నెమలి ఈకల విసనకర్ర పట్టుకుని దుకాణం దుకాణం తిరిగి, సాంబ్రాణి పొగ వేసి, బేరం బాగా జరగాలని దువా చేసి పోయే పెద్దమనిషి. నా షాపుకీ వేసేవాడు. కారు చూసి ఆయన మొహమాటపడ్డాడు. "బేటా, నాది దుకాన్లకు పొగ ఏసుడు పని. దయ్యాలది నాకు తెల్వదు" అన్నాడు. అందులోనూ ఇది ఇంగ్లీషు దయ్యమని బావ చెప్పడంతో ఇంకా పరేషాన్ అయ్యాడు. కానీ గుమ్మంలో అక్కని చూసి కాదనలేకపోయాడు. దయ్యం మేలుకుని ఉన్నప్పుడే పొగ వేయాలని బావ పట్టుబట్టి, బానెట్టు ఎత్తి, ఇంజను స్టార్టు చేసి, స్టీరింగు పట్టుకుని వణుకుతూ కూర్చున్నాడు. నేను వచ్చేటప్పటికి ఇదంతా నడుస్తోంది. ఒకటే కోపం నాకు. ఇన్ని రోజులుగా నేను గొంతు చించుకుంటున్నది ఎందుకని, అక్క మీద అరవబోయాను.

అరవలేదు. గాలి లేని పొద్దు అది. పాత్రలోంచి పొగ తాడులాగా నిటారుగా లేస్తోంది. తాత పాత్రని బానెట్టు దగ్గరికి తెచ్చేసరికి ఆ తాడు వంగింది. పైకి పోవలసిన పొగ తల దించి, సన్నబడి, దారంలాగా అయి, ఇంజను వైపు నడిచి, వంకర గొట్టం అడుక్కి వెళ్ళి కనబడకుండా పోయింది. ఎవరో నోరు పెట్టి తాగుతున్నట్టు అంతా లోపలికే పోయింది, చుక్క కూడా బయటికి రాలేదు. తాత పాత్రని వెనక్కి జరిపాడు, పొగ నిటారుగా లేచింది. మళ్ళీ దగ్గర పెట్టాడు, మళ్ళీ వంగింది.

"తీస్కుంటున్నది బేటా," అన్నాడు నా వైపు తిరిగి, చాలా మెల్లిగా. "ఇన్నేండ్లల్ల ఎవ్వరు తీస్కోలె."

నాకు తెలియకుండానే ఒకడుగు వెనక్కి వేశాను. ఆ అడుగులోనే, ఆ గొట్టం కిందనే కదా నా నురగ పోయింది అన్న ఆలోచన వచ్చింది. జారిపోలేదు, అది తాగేసింది. చిల్లంటే గాలి బయటికి పోయేది అనుకున్నాను నేను. పుట్టి బుద్ధెరిగాక చూసిన చిల్లులన్నీ అలాంటివే మరి. ఇక్కడ గాలి లోపలికి పోతోంది. ఊరికే నడిచే ఇంజను ఆకలితో పీలుస్తోంది, ఆ చిల్లులోంచి కూడా పీలుస్తోంది, అదే ఈల. ఎత్తు ఎక్కేటప్పుడు పంకా లోపల గాలి కూరుతుంది, అప్పుడు అదే చిల్లు బయటికి కక్కుతుంది, అదే ఏడుపు. అక్కడిదాకా వచ్చి నా ఆలోచన గుండెతో సహా ఆగింది. కక్కేది ఉత్త గాలి కాదు, పెట్రోలు కలిసిన గాలి. చిల్లుకి జానెడు దూరంలో నిప్పుల పాత్ర. సీటులో వణుకుతున్న బావ, వణుకుతున్న అతని కాలి కింద ఎక్సిలేటరు. అరిస్తే ఉలిక్కిపడి తొక్కుతాడు.

"బావా," అన్నాను, అన్నం తినమని పిలిచినంత నెమ్మదిగా. "కాలు కదలనియ్యకు. చాబీ బంద్ చెయ్యి."

"దానికి కోపమొచ్చిందా?"

"రాలె. నువ్వు చాబీ తిప్పు."

తిప్పాడు. ఇంజను ఆగింది. తాత చేతిలో పొగ మళ్ళీ నిటారుగా, బుద్ధిమంతుడిలా లేచింది. ఆయన పాత్ర పట్టుకుని వెనక్కి వెనక్కి నడిచి, గేటు దాటాక తిరిగి, తన వయసుకి తగని వేగంతో వెళ్ళిపోయాడు. నేను గొట్టం విప్పాను. అడుగున గోరంత చీలిక, వంచితే పెదవుల్లాగా తెరుచుకుంటోంది. సైకిల్ ట్యూబు ముక్క కోసి, సొల్యూషన్ రాసి, పైన గట్టిగా చుట్టి, తీగతో బిగించాను. (పెట్రోలు ముందు సైకిల్ ట్యూబు ఎక్కువ కాలం ఆగదని నాకు తెలుసు. తరవాత రాణిగంజ్‌లో మోటారు సామాన్ల దుకాణాలన్నీ తిరిగి సరైన గొట్టం తెచ్చి వేసింది కూడా నేనే.) స్టార్టు చేస్తే ఈల లేదు. ఆ చీలికను అక్కకి చూపించి, లోపలికి, బయటికి అని చేతులు తిప్పి అంతా వివరించాను. అక్క శ్రద్ధగా విని, తాతకి ఒక కొబ్బరికాయ పంపాలి అంది. మధ్యాహ్నానికల్లా ఊరంతా ఒకటే మాట, లోబాన్ తాత కారులోంచి దొరను తీశాడని. ఇప్పటికీ ఆ కాలంవాళ్ళు మిగిలిన ఇద్దరు ముగ్గురూ అదే చెబుతారు. నా ట్యూబు ముక్క సంగతి ఒక్కడూ ఎత్తడు.

ఆదివారం ఇంజనీరుగారు వెనక సీటులో కూర్చుని, ఎత్తు ఎక్కించి చూపించమన్నారు. బావ నేను పక్కనుంటేనే నడుపుతానన్నాడు. ఎక్కాను. బంగళా దాటాక దారి బండల మధ్యకి పోయి నిలువుగా లేస్తుంది. బావ తొక్కాడు. ఏడుపు లేదు, మూలుగు లేదు. కారు వెన్నలోకి కత్తి దిగినట్టు ఎక్కేసింది. పైన నిలబెట్టి ఇంజను నడవనిస్తే గడియారంలాగా కొట్టుకుంటోంది. ఇంజనీరుగారు కాసేపు విని, "బాగుందయ్యా. రేపు తొమ్మిదింటికి బండి తీసి ఉంచు" అన్నారు. బావ భుజాలు జానెడు కిందికి దిగాయి. ఆ నెలలోనే అక్కకి ఆ గదిలోనే కూతురు పుట్టింది. ఈ కథ దానికి కూడా లోబాన్ తాత కథగానే తెలుసు.

కానీ ఆ ఎత్తు మీద, బండి తిప్పబోతూ, బావ ఆగి చుట్టూ చూశాడు. ఎండలో బండలు ఒకదాని మీద ఒకటి, ఎటు చూసినా. పొదల్లో ఆకు కదలడం లేదు. బావ నా వైపు వంగి, వెనక వినబడకుండా అడిగాడు.

"బామ్మర్దీ, లోపలున్నది బయటికొచ్చింది గద. ఇగ గిప్పుడు యాడుంటది?"

నా గోళ్ళ కింద సొల్యూషన్ నలుపు ఇంకా వదల్లేదు. చీలికను ఈ కళ్ళతో చూశాను, ఈ చేతులతో మూశాను. ఆ మాటే చెప్పాలి. బదులుగా, బావ గమనించకుండా, నా పక్క కిటికీ హ్యాండిల్ మెల్లిగా తిప్పి అద్దం పైకెత్తాను. వెనక సీటులోంచి ఇంకో హ్యాండిల్ కిర్రుమని తిరిగిన చప్పుడు వినబడింది. ముగ్గురం అలాగే కిందికి దిగాం.

ఆ ఎత్తు ఇప్పుడు లేదు, చదును చేసి మేడలు కట్టారు. మెట్రోలో అటు వెళ్ళినప్పుడల్లా ఆ చోటు ఎక్కడుండేదో అంచనా వేసుకుంటాను. బుడగలొచ్చే చిల్లు తప్ప ఇంకో చిల్లు తెలియని ఆ ఇరవై ఏళ్ళ పంతగాడు గుర్తొస్తాడు. రైలు కిటికీకి హ్యాండిల్ ఉండదని తెలిసి కూడా, అక్కడికి రాగానే నా కుడిచెయ్యి ఒళ్ళో ఒకసారి మెల్లిగా తిరుగుతుంది. ఎదురుగా కూర్చున్నవాళ్ళు చూస్తారేమోనని దాన్ని ఎడమచేత్తో పట్టుకుని, నాలో నేను నవ్వుకుంటాను.