నేల ఉసిరి వేళ

నిన్న బాల్కనీలో తులసి కుండీలో కలుపు తీస్తుంటే వేళ్ళ మధ్య ఏదో లేత కాడ నలిగింది. ఆ పచ్చి పసరు వాసన ముక్కుకు తగలగానే, చూడకుండానే తెలిసింది, నేల ఉసిరి. సబ్బుతో మూడుసార్లు చేతులు కడుక్కున్నాను. అయినా మధ్యాహ్నం అన్నం సయించలేదు.

మా తాతయ్య హైస్కూల్లో సంస్కృతం చెప్పి రిటైరయ్యారు. కోనసీమలో కాలవ గట్టునున్న మా ఊళ్ళో ఆయన్ని వేళల మాస్టారు అనేవారు. ప్రతి మొక్కలోనూ ఒక మహిమ ఉంటుందనీ, అది ఏదో ఒక్క గడియలోనే మేలుకుంటుందనీ ఆయన నమ్మకం. దాని మీద ముప్పై ఏళ్ళుగా ఒక గ్రంథం రాస్తూనే ఉన్నారు. పోలవరం దాటాక ఆ కొండల్లో ఎక్కడో కాలాన్ని కాసేపు ఆపే తీగ ఉందని, దానికి 'కాలనిలుపు' అని పేరు కూడా తనే పెట్టి, ఏటా లాంచీ ఎక్కి వెళ్ళి, వట్టి చేతులతో, ఒళ్ళెరగని జ్వరంతో తిరిగొచ్చేవారు.

మా ఇంట్లో గోడ గడియారాన్ని ఎవరూ చూసేవారు కాదు. పెరట్లో మంకెన పూలు విచ్చితే అన్నాలు, చంద్రకాంతలు విచ్చితే మాకు జంతికలు, నిద్రగన్నేరు ఆకులు ముడుచుకుంటే దీపాలు. వానాకాలంలో అమ్మ కంద బచ్చలి కూరలో ఆవ కలుపుతుంటే ఆ ఘాటు అరుగు దాకా వచ్చేది. అక్కడ నేనూ, నాకన్నా మూడేళ్ళు పెద్దదైన వాణక్కా చింతపిక్కలాడేవాళ్ళం. అక్క తొండి చేసేది, పట్టుకుంటే మళ్ళీ నన్నే తిట్టేది. అంత గయ్యాళి పిల్లని నేను చూడలేదు, అంత ఇష్టం నాకు ఇంకెవరి మీదా లేదు.

నాకు పదేళ్ళప్పుడు, భాద్రపదం వానల్లో, అక్కకి పచ్చకామెర్లొచ్చాయి. అందరిలో కలవరమే గానీ భయం లేదు. తాతయ్య నేల ఉసిరి పసరు కోసం యానాం నుంచి, ద్రాక్షారామం నుంచి కూడా జనం వచ్చేవారు మరి. మామూలుగా ఆ మొక్క ఆయనే తెచ్చేవారు. అక్క కోసం మాత్రం, ఈడేరని ఆడపిల్లే తేవాలన్నారు. శనివారం సాయంత్రం మొక్కకి పసుపు దారం కట్టి, అక్షింతలు వేసి, రేపు రమ్మని పిలిచాం. ఆదివారం తెల్లారుతూనే తడిబట్టలతో వెళ్ళి, నా నీడ పడకుండా, వేళ్ళు తెగకుండా పెకలించాను. ఇల్లు చేరేదాకా ఒక్క మాట మాట్లాడకూడదన్నారు.

గట్టు మీద చేపల మంగమ్మ గంప దించి నిలబడింది. అక్కంటే ఆవిడకి ప్రాణం.

"ఏమ్మా, అక్కకెలా ఉంది?"

పెద్దవాళ్ళు పలకరిస్తే జవాబు చెప్పకపోతే అమ్మ వీపు చీరేసేది. అలవాటుగా నోట్లోంచి వచ్చేసింది. "బానే ఉందండి."

తాతయ్య అడిగితే నిజమే చెప్పాను. ఆయన కోప్పడలేదు. మొక్కని కాలవలోకి విసిరేసి, వచ్చే ఆదివారం దాకా ఆగాలన్నారు.

"కారు మాట్లాడతాను నాన్నగారూ, కాకినాడ తీసుకెళ్దాం" అన్నారు నాన్న.

"ఏడు రోజులే కదరా. దేని వేళ దానికుంటుంది."

తండ్రి మాటకి ఎదురు చెప్పడమంటే ఏంటో నాన్నకి తెలీదు. తలొంచుకుని వెళ్ళిపోయారు. గురువారానికి అక్క నన్ను గుర్తుపట్టలేదు. శుక్రవారం కాకినాడ తీసుకెళ్తే, "నాలుగు రోజుల ముందు తేవాల్సిందండీ" అన్నారట డాక్టరుగారు. శనివారం అక్క పోయింది.

ఆదివారం పొద్దున్న వాకిట్లో జనం. తాతయ్య తడిపంచెతో, పెదవి విప్పకుండా, చేతిలో వేళ్ళతో సహా నేల ఉసిరి పట్టుకుని గట్టు మీంచి వచ్చారు. అమ్మ ఆయన్ని చూసి పెట్టిన కేక నా చెవుల్లోంచి ఇంకా పోలేదు.

అట్లతద్ది దాకా నేను ఎవరితోనూ మాట్లాడలేదు. దిగులనుకున్నారు. కాదు, భయం. నా ఒక్క మాటకి అక్క చచ్చిపోయింది, ఇంకోటి మాట్లాడితే ఎవరు పోతారో! నీ తప్పు కాదని నాకు ఒక్కరూ చెప్పలేదు. తాతయ్య గ్రంథం అటకెక్కించేశారు. లాంచీ ప్రయాణాలు మాత్రం ఏడాదికి నాలుగయ్యాయి. ఆ తీగ దొరికితే ఏం చేస్తారని అమ్మ ఒక్కసారే అడిగింది. "ఆ ఆదివారం కావాలమ్మా" అన్నారు.

ఆయన మంచం పట్టాక, డిగ్రీ చదివే రోజుల్లో, ధైర్యం చేసి అడిగాను. "తాతయ్యా, నేను మాట్లాడినందుకేనా?"

"నేను మొక్క తెచ్చేటప్పుడు దారిలో అందరితోనూ మాట్లాడేవాణ్ణే అమ్మా. పలకరిస్తే ఊరుకోలేం కదా. ఊరివాళ్ళకి అదే పసరు పోశాను." కళ్ళు మూసుకున్నారు. "ఇది నా పిల్ల. ఒక్క లోపం కూడా ఉండకూడదనుకున్నాను."

ఆయన మీద జాలేసింది. కోపం కూడా వచ్చింది, ఇప్పటికీ ఉంది. ఆ మాట ఎనిమిదేళ్ళ ముందు చెప్పి ఉండొచ్చుగా!

ఇప్పుడు ఆ పెరడు రొయ్యల చెరువు. మంకెన పూలు మా అమ్మాయి చూడనే లేదు. లాంచీ దిగి ఆయన నడిచిన దారి ఎవరికీ తెలీదు. ఇవాళ పొద్దున్న కుండీలో మిగిలిన నేల ఉసిరి తీస్తుంటే, మా అమ్మాయి వచ్చి పక్కన కూర్చుంది.

"ఏంటమ్మా అది?"

వేళ చూడలేదు. నా నీడ దాని మీదే పడి ఉంది. "నీకో పెద్దమ్మ ఉండేది, తెలుసా?" అంటూ, మాట్లాడుతూనే పీకేశాను.