పాయ అవతలి పొయ్యి

జిల్లా అంటే తాలూకాలు, తాలూకా అంటే ఫిర్కాలు, ఫిర్కా అంటే గ్రామాలు అని పిల్లల చేత రోజూ వల్లె వేయించేవాణ్ణి. ఆ ఏర్పాటంతా ఒక అవ్వ మూడు రాళ్ళ పొయ్యి దగ్గరికొచ్చి చతికిలబడుతుందని నాకప్పటికి తెలియదు.

అరవైల మొదట్లో, కోట అనే ఊరి వైపు సముద్రపు ఒడ్డున ఒక పాలెంలో ఏకోపాధ్యాయ పాఠశాల నాది. హెడ్మాస్టరునూ నేనే, గంట కొట్టే ప్యూనునూ నేనే, సాయంత్రం నాలుగు దాటాక నాతో ఊసులాడే మనిషినీ నేనే. బడి వెనక గదిలో కాపురం. ఆ గాలికి మెతుకుకొక ఇసకరేణువు చొప్పున అన్నంలో పడేది. ఏడాదిలో నేను తిన్న ఇసకతో తాలూకా కచేరీకి ప్రహరీ లేపవచ్చు. పాలెంవాళ్ళు మర్యాదస్తులు. నన్ను చూడగానే లేచి నిలబడేవారు, మాటలు ఆపేసేవారు. నేను దాటిపోయాక మళ్ళీ అందుకునేవారు.

అప్పుడే జనాభా లెక్కలొచ్చాయి. బడి అయ్యవార్లే ఇంటింటికీ తిరిగి రాయాలన్నారు. కచేరీలో ఇచ్చిన కాగితాల బరువుకు ఎద్దుబండి ఇరుసు దారి పొడుగునా మూలిగింది. వాటన్నిటిలో నాకు అర్థమైన నియమం ఒక్కటే: ఒక పొయ్యి మీద వండుకు తినేవాళ్ళంతా ఒక కుటుంబం, ఆ పొయ్యి ఏ ఊళ్ళో వెలిగితే ఆ ఊరి లెక్క.

పాలెమంతా రాశాను. ఒక్క గుడిసె మిగిలింది. అంతకుముందు గాలివానకు ఉప్పుటేరు పాయ దారి మార్చుకుంది. పాలెం చివర ఉండే గుడిసె, ఉన్నచోటనే ఉండి, అవతలి ఒడ్డుదైపోయింది. అందులో ఎండుచేపలు అమ్ముకునే ఒంటరి అవ్వ ఉండేది.

మా కరణంగారిని అడిగితే పాయే పొలిమేర, అవతలిది పక్క ఫిర్కా అన్నారు. పక్క ఊరి కరణంగారు పటం పరిచి, ఇందులో పాయ పాతచోటే ఉంది, కనక ఆమె మీ మనిషే అన్నారు. జానెడు ఇసక కోసం మూడు తరాలు కోర్టు మెట్లెక్కగల ఆ ఇద్దరూ ఒక మనిషిని మాత్రం అంత ఉదారంగా ఒకరికొకరు ఇచ్చేసుకున్నారు.

ఆ కబురు చెప్పడానికి పాయ దాటాను. అప్పుడు నీళ్ళు మోకాలిదాకా ఉన్నాయి. ఇన్నేళ్ళుగా చెప్పగా చెప్పగా ఇప్పటికి మెడదాకా వచ్చాయి.

"అయితే నన్ను యాడ రాస్తావు అయ్యోరా?"

"రెండు ఊళ్ళూ వద్దంటున్నాయి అవ్వా."

ఆమె చేపలు తిరగేయడం ఆపింది. "నేను కాపరానికొచ్చింది ఆ పాలేనికి. మా ఆయన ఏటకి పోయి తిరిగి రానిది ఆ ఒడ్డునించే. రాస్తే ఆ ఊరి కిందనే రాయాల. ఏం చేస్తే రాస్తావో అది చెప్పు."

నేను ఊరికే పొయ్యి నియమం చెప్పి వచ్చేశాను.

మర్నాడు పొద్దున్నే బడి వరండాలో పొగ. అవ్వ మూడు రాళ్ళు పెట్టి కుండ ఎక్కించింది. లెక్క ముగిసేదాకా కదలనంది. ఆ చేపల పులుసు వాసనకు నడిసముద్రంలో పడవలు తెరచాపలు దించేశాయి. పిల్లలు ఫిర్కాల దగ్గర ఆగిపోయి మళ్ళీ ముందుకు సాగలేదు. అవ్వ నాకూ వడ్డించింది, నేను గబగబా మింగుతుంటే తిట్టింది. ఇంకొంచెం పెట్టమంటావా అని అడిగింది. ఆ పాలెంలో నా కోసమని ఎవరైనా అడిగిన మొదటి ప్రశ్న అది.

కాగితం తీసి, కుటుంబ పెద్ద ఎవరని అడిగాను.

"కుండ నాది. పెద్ద నేనే."

"మరి నేను నీకేమవుతానని రాయాలి?"

"ఏమీ కావు. తినేవాడివి. అట్టనే రాసుకో."

అలా రాయడానికి ఆ గడి ఒప్పదు. 'బంధువు' అని రాశాను. ఇద్దరు మనుషులు, ఒక కుటుంబం, ఊరు మా పాలెం. మా కరణంగారు వరండాలో కుండను చూసి, పులుసు రుచి కూడా చూసి, సంతకం పెట్టారు.

మూడో రోజు కాగితాలు తాలూకాకు వెళ్ళిపోయాయి. అవ్వ కుండ కడిగి చంకన పెట్టుకుంది. ఇక్కడే వండుకోవచ్చు కదా అన్నాను, ఏదో మాటవరసకన్నట్టు.

"నా గుడిసె ఆడుంటే ఈడేం పని అయ్యోరా," అని పాయలో దిగింది. రాళ్ళు మాత్రం వదిలేసింది.

ఆ తరవాత జిల్లా పుస్తకం అచ్చయింది. ఫిర్కాల వారీగా, గ్రామాల వారీగా అంతా ఉంది. నేనున్నన్నాళ్ళూ సాయంత్రం అవతలి ఒడ్డున పొగ లేచేది. అది చూసి నేనూ ఇటు ఆ మూడు రాళ్ళ మధ్య పొయ్యి అంటించుకునేవాణ్ణి. పుస్తకంలో మాత్రం మా ఇద్దరిదీ ఒకటే పొయ్యి.