ముందు కోడి మెడ ముట్టాలి

జూలూరుపాడు శివార్లలో ఉండే సారంగపాణి ఇంటికి ఎవరు వచ్చినా, ఏ పని మీద వచ్చినా, ముందు కోడి మెడ ముట్టుకోవాలి. ఆ తర్వాతే కుర్చీ, ఆ తర్వాతే మంచినీళ్లు, ఆ తర్వాతే వచ్చిన పని. ఇందులో చిన్నా పెద్దా తేడా లేదు. గ్యాస్ బండ తెచ్చినవాడు బండ భుజాన ఉండగానే ముట్టాడు. కరెంటు బిల్లు కొట్టేవాడు ఒక చేత్తో మిషనూ ఇంకో చేత్తో కోడి మెడా పట్టుకుని, ఏ చేత్తో ఏం చేయాలో తోచక కాసేపు నిలబడ్డాడు.

మామూలు కోడి అయితే ఎవరికీ అభ్యంతరం ఉండేది కాదు. అవి బోడమెడ కోళ్లు. తల మీద చిన్న ఈకల టోపీ, ఒంటి మీద ఈకల చొక్కా ఉంటాయి. నడుమ మెడ మాత్రం గుడ్డులోంచి బయటపడ్డ నాటి నుంచీ ఒక్క ఈక లేకుండా, ఎర్రగా, ముడతలు ముడతలుగా ఉంటుంది. మొదటిసారి చూసినవాళ్లకు, ఎవరో కూరకని పీకడం మొదలుపెట్టి మధ్యలో వేరే పని గుర్తొచ్చి వెళ్లిపోయినట్టు అనిపిస్తుంది.

సారంగపాణి బొగ్గు బాయిలో పనిచేసి రిటైరైన మనిషి. కోళ్లకు పేర్లు కూడా అక్కడివే పెట్టాడు. పెట్టలు ఫస్ట్ షిఫ్ట్, సెకండ్ షిఫ్ట్. పుంజు ఓవర్‌మాన్, అంటే బాయిలో పనివాళ్ల మీద అజమాయిషీ చేసేవాడు. రోజంతా ఏ పనీ చేయకుండా అందరి మీదా కేకలేస్తుంది కాబట్టి దానికా పేరు సరిపోయిందని ఆయన వాదన.

ఒకసారి ఉదయ్ భాస్కర్ అనే ఇన్సూరెన్స్ ఏజెంటు కొత్తగూడెం నుంచి బండి మీద వచ్చాడు. గేటు దాటాడో లేదో సారంగపాణి ఫస్ట్ షిఫ్ట్‌ను చంకలో పెట్టుకుని ఎదురొచ్చాడు.

"ఇదేంది పెద్దాయనా, రోగమా?"

"ముట్టు, చెప్త."

"వద్దులే."

"అయితే పాలసీ గూడ వద్దులే."

ఉదయ్ భాస్కర్ టార్గెట్లను తలుచుకుని, కళ్లు మూసుకుని ముట్టాడు.

"ఎట్లున్నది?"

"వెచ్చగ ఉన్నది."

"అంటిందా?"

"ఏంది అంటేది?"

"ఏమన్న. చెయ్యి సూస్కో."

అతను అరచేయి తిప్పి చూసుకున్నాడు. "ఏం లేదు."

"ఆఁ. గిప్పుడు కూసో."

కూర్చున్నాక పాఠం మొదలైంది. ఇది రాబందుకు పుట్టింది కాదు, టర్కీ కోడికి పుట్టింది కాదు, ఊళ్లో వాళ్లవన్నీ ఉత్త మాటలు. ఇది అచ్చంగా కోడే. మెడ మీదే కాదు, ఒళ్లంతా కూడా వేరే కోళ్లతో పోలిస్తే ఈకలు తక్కువే. "బాయిల మనుషులు బతకాలంటే ఏం చేస్తరు? గాలి ఆడేటందుకు తొవ్వ పెడ్తరు. దీనికి పుట్టుకతోనే మెడ మీద పెట్టిండు దేవుడు. లోపలి వేడంత గక్కడికెళ్లి బయటికి పోతది. ఊళ్లె కోళ్లన్ని ఎండకు నోళ్లు తెరుస్తుంటే ఇది హాయిగ మేస్తది." ఉదయ్ భాస్కర్ పొద్దెక్కేదాకా విన్నాడు. పాలసీ మాట మరిచిపోయి, హెల్మెట్‌లో ఒక కోడిపిల్లను పెట్టుకుని వెళ్లిపోయాడు.

ఇదంతా వెంకమ్మ వంటింటి కిటికీలోంచి చూస్తుండేది. సారంగపాణి భార్య ఆమె. ఎవరైనా వస్తే ముందు గదిలోకి వచ్చేది కాదు. మంచినీళ్ల గ్లాసు గడప మీద పెట్టి లోపలికి జరిగేది.

ఆమెకు చెవి వెనక తెల్లటి చుక్క ఒకటి మొదలై మెడ మీదుగా గొంతు దాకా పాకింది. బొల్లి అన్నారు. చెట్టు కింద వెన్నెల పడ్డట్టుందని సారంగపాణి ఒకసారి అన్నాడు. ఆ పూట ఆమె అన్నం పెట్టింది గాని కూర వెయ్యలేదు. అది ఒకరి నుంచి ఒకరికి అంటుకునేది కాదని దవాఖానాలో డాక్టరమ్మ చెప్పింది. ఊళ్లో అందరికీ ఆ సంగతి తెలుసు. తల దాకా పోయిన మాట చేతుల దాకా దిగలేదు, అంతే.

ఆ సంగతి ఆదెమ్మ ఇంట్లో వ్రతం నాడు బయటపడింది. ఆదెమ్మ వాళ్లు కోస్తా నుంచి వచ్చి పామాయిల్ తోటలు వేసుకున్న ఆసాములు. ఆదెమ్మ మంచిది, పెట్టే చెయ్యి. పేరంటానికి వచ్చిన ముత్తైదువలందరికీ వరసగా తన చేత్తోనే మెడకు గంధం రాస్తూ వచ్చింది. వెంకమ్మ దగ్గరికి వచ్చేసరికి ఆ చెయ్యి గాలిలో ఆగింది. "నువ్వే రాసుకో వెంకమ్మా," అంటూ గిన్నె ఆమె చేతికిచ్చింది. గొంతులో కోపం లేదు, ఏవగింపు లేదు. వెంకమ్మ రాసుకుంది, నవ్వింది, ఇంటికొచ్చింది. ఆ తర్వాత ఏ పేరంటానికీ వెళ్లలేదు. ఎవరూ ఏమీ అనలేదు గనక ఎవరినీ తిట్టుకోవడానికి కూడా లేకపోయింది.

ఆ తర్వాతి వారం అంగడికే సారంగపాణి మొదటి బోడమెడ పెట్టను తెచ్చాడు. వెంకమ్మకు ఒళ్లు మండింది.

"ఊళ్లె కోళ్లే లేనట్టు, మెడ బాగలేనిదాన్ని తెచ్చినవా?"

"దాని మెడకేమైంది? బంగారమసుంటి మెడ."

"మీ బాయిల బంగారం గిట్లనే ఉంటదా?"

"నీకు తెల్వదు. జర చూస్కుంట ఉండు."

ఆమె చూస్తూనే ఉంది. చూసినకొద్దీ భర్తకు బుర్ర తిరిగిందన్న నమ్మకం గట్టిపడింది.

ఈ ఏడు ఎండలు ముందే ముదిరాయి. అడవి వైపు నుంచి వచ్చే గాలి కూడా పొయ్యి ముందు నుంచి వచ్చినట్టే ఉంది. ఊళ్లో కోళ్లు గుడ్లు మానేసి నీడ కోసం పాకులాడుతున్నాయి. సారంగపాణి కోళ్లు మాత్రం మెడలు మందార మొగ్గల్లా ఎర్రబడి, ఎప్పటిలాగే గుడ్లు పెడుతున్నాయి. సరిగ్గా అప్పుడే ఆదెమ్మ కోడలు నాగలతకు ఐదో నెల వచ్చింది. ఆ పిల్లకు నాటు గుడ్డు తప్ప ఏదీ సయించడం లేదు.

ఆదెమ్మ మొదట పాలేరును పంపింది. అతను మెడ ముట్టాడు, కూర్చున్నాడు, పాఠం విన్నాడు, ఖాళీ చేతుల్తో తిరిగొచ్చాడు. గుడ్లు ఎవరు తింటారో వాళ్లింటి పెద్దే రావాలట. కోడి మనిషిని చూడాలట.

చివరికి ఆదెమ్మే గొడుగు వేసుకుని వచ్చింది.

"సారంగపాణి గారూ, గుడ్లు కావాలి."

"ఉన్నయమ్మా. కూసుండే ముందు..."

"తెలుసు. ఊరంతా చెప్పుకుంటున్నారు. నేను ముట్టను."

"నేనియ్య."

"కడుపుతో ఉన్న పిల్లకండీ."

"ఇది గూడ కడుపుల మోసి పెట్టిందే గదమ్మా. ఒక్కపారి మెడ ముడితే దానికి తృప్తి."

"దాని తృప్తి మీకెలా తెలుసు?"

"ముట్టుర్రి, మీకు గూడ తెలుస్తది."

ఆదెమ్మ చిటికెన వేలు చాపింది. ఆ వేలికీ తనకూ సంబంధం లేనట్టు ముఖం అటు తిప్పుకుని ముట్టింది.

"అంటిందా?"

ఆమె సంచిలోంచి శానిటైజర్ సీసా తీసి మోచేతి దాకా రాసుకుంది. ఆ ఘాటుకు సెకండ్ షిఫ్ట్ తుమ్మింది. కిటికీ అవతల వెంకమ్మ నోట్లో కొంగు కుక్కుకుంది.

గుడ్లు అయిపోయాయి. ఆదెమ్మ మళ్లీ వచ్చింది. ఈసారి సీసా తేలేదు, నల్లా దగ్గర సబ్బు అడిగి కడుక్కుంది. ఆ తర్వాత వచ్చినప్పుడు సబ్బు అడగలేదు, ఉత్త నీళ్లతో సరిపెట్టుకుంది. ఆపైన కొంగుకు తుడుచుకుంది. ఒకనాడు పామాయిల్ గెలలు కోసే కూలీలు దొరకడం లేదని చెప్పుకుంటూ ఫస్ట్ షిఫ్ట్‌ను ఒళ్లో పెట్టుకుని, మాటల సందులో బొటనవేలితో దాని మెడ నిమురుతూ కూర్చుంది. కోడి కళ్లు మూసుకుంది. కూలీల సంగతి అయ్యాక ఎరువుల సంగతి చెప్పింది. లేచి, గుడ్ల బుట్ట పట్టుకుని, చెయ్యి ఎక్కడా తుడుచుకోకుండా వెళ్లిపోయింది. ఆ రోజు సారంగపాణి "అంటిందా?" అని అడగలేదు. గేటు దాకా వెళ్లి సాగనంపి, ఈలేసుకుంటూ వచ్చాడు.

'గుడ్లు మనిషితోని ఎంత పనైనా చేయిస్తయి' అనుకుంది వెంకమ్మ.

సీమంతానికి పిలవడానికి నాగలతే బొట్టు పెట్టె పట్టుకుని వచ్చింది. ఆయాసపడుతూనే ఓవర్‌మాన్ మెడ ముట్టి, వంటింట్లోకి దూరింది.

"పిన్నీ, ఇన్నాళ్లూ మీ గుడ్లే తిన్నాను. మీరు రాకపోతే నేను పీట మీద కూర్చోను."

"నడుము నొస్తున్నదమ్మా."

"బాబాయ్ నడుము బాగానే ఉందన్నారు."

"ఆయనది బాగనే ఉన్నది."

పిల్ల వెళ్లాక వెంకమ్మ భర్త మీద విరుచుకుపడింది. "నేను పోను. అందరి మెడకు రాసుకుంట వచ్చి, నా దగ్గరికొచ్చేసరికి మళ్ల గిన్నె చేతికిస్తది. అందరూ సూస్తరు. ఇంకోపారి నాతోని గాదు."

సారంగపాణి ఈసారి పాఠం చెప్పలేదు. అటక మీది పెట్టెలోంచి ఆకుపచ్చ పట్టుచీర తీసి మంచం మీద పెట్టాడు.

"పో. గిన్నె ఇస్తే తీస్కో."

"ఇయ్యకపోతే?"

"నాకేం తెల్సు? కోళ్లకు నీళ్లు పెట్టాలె," అని పెరట్లోకి జారుకున్నాడు.

వెంకమ్మ వెళ్లింది. నాగలత ముఖం గుర్తొచ్చి వెళ్లింది. చివరి వరసలో, తలుపు పక్కన, కొంగు మెడ చుట్టూ తిప్పుకుని కూర్చుంది. ఆదెమ్మ గంధం గిన్నెతో బయల్దేరింది. మొదటి వరస అయింది. రెండో వరస అయింది. గంధం వాసన దగ్గరవుతుంటే వెంకమ్మ కొంగును ఇంకాస్త బిగించింది. గిన్నె ఎదుటికి రాగానే, అడిగించుకోకుండానే చెయ్యి చాపింది.

"ఇదిగో వెంకమ్మా, నీతోనే మాట్లాడాలి," అంది ఆదెమ్మ. "మీ ఓవర్‌మాన్ మా దొడ్లోకి వస్తున్నట్టున్నాడు. మా పెట్ట పొదిగిన పిల్లల్లో సగం మీ వాటివే. మెడలు బోడివి."

ఆడవాళ్లంతా ఘొల్లున నవ్వారు.

"కాకపోతే గొంతు కింద చిన్న ఈకల కుచ్చు ఉంది. టై కట్టుకుని ఆఫీసుకు పోతున్నట్టున్నాయి. అలా ఎందుకు ఉంటుందంటావ్?"

"తల్లిదండ్రులల్ల ఒక్కరిదే బోడమెడ అయితే గట్ల కుచ్చు ఉంటదట," అంది వెంకమ్మ. ఇంట్లో రోజూ వినే పాఠం, నోటికి దానంతటదే వచ్చేసింది. "రెండూ బోడవైతే ఇగ నున్నగనే."

"అదీ సంగతి," అంది ఆదెమ్మ. అంటూ అంటూనే కొంగు పక్కకు జరిపి, చెవి కింద నుంచి గొంతు దాకా, ఆ వైపూ ఈ వైపూ, నాలుగు వేళ్లతో నిండుగా గంధం రాసింది. తెల్లదనం మీద గంధపు రంగు చల్లగా పరుచుకుంది. రాసిన వేళ్లు తాము చేసిన పనిని గమనించనే లేదు. వెంకమ్మ చాపిన చెయ్యి మాత్రం గాలిలో అలాగే ఉంది.

ఆదెమ్మ ఆ చేతిని చూసింది. "తాంబూలం చివర్న ఇస్తాంలే, ఆగు. అంత తొందరేంటి?" అని పక్కావిడ దగ్గరికి జరిగింది.

వెంకమ్మ మిగతా పేరంటమంతా ఎవరేం మాట్లాడారో వినలేదు. గంధం ఆరుతుంటే మెడ మీద చర్మం మెల్లగా బిగుసుకోవడం ఒక్కటే తెలుస్తోంది. చుట్టూ చూసింది. ఈ ఎండల్లో అందరూ గుడ్ల కోసం తమ గేటు దాటినవాళ్లే, ఈ గదిలో ఆ కోడి మెడ ముట్టని చెయ్యి ఒక్కటి కూడా లేదు.

ఇంటికి వస్తుంటే దారిలో భీమ్లా కనిపించాడు. తండా నుంచి అంగడికి కోళ్లు తెచ్చి అమ్మేవాడు, సారంగపాణికి మొదటి పెట్టను ఇచ్చింది అతనే.

"భీమ్లా, ఆ పెట్టను మా ఆయన ఏం సూసి కొన్నడు?"

"గది నాకూ అర్థం కాలేదక్కా. దీన్ని సూస్తే జనం దూరం జరుగుతరా అన్నడు. జరుగుతరు, అంటురోగమనుకుంటరు, అందుకే ఎవ్వలు కొంటలేరని నేనన్న. కొంటరా అని గాదు, ముడ్తరా అని అడుగుతున్న అన్నడు. ముట్టరని నేనన్న. అయితే ఇదే కావాలె, జల్దీ బుట్టల పెట్టు అన్నడు."

ఇంట్లో సారంగపాణి కోళ్ల నీళ్ల గిన్నె కడుగుతున్నాడు. పొద్దున్నుంచీ అదే గిన్నె కడుగుతున్నట్టున్నాడు, తళతళలాడుతోంది. తలెత్తి ఆమె మెడ చూశాడు. మళ్లీ గిన్నె వైపు తిరిగాడు.

"భీమ్లా కలిసిండు," అంది వెంకమ్మ.

"ఇంకో కోడి ఉన్నదన్నడా?"

"అన్ని చెప్పిండు. ఊరోళ్ల చేతులు నా మెడకు అలవాటు చేసేటందుకు దీన్ని తెచ్చినవా?"

"గట్లేం లేదు. కోడి మంచిగున్నది, తెచ్చిన."

"అంటే నన్ను కోడితోని పోల్చినవ్."

"పోల్చలే," అన్నాడు సారంగపాణి. "కోడి గుడ్డు పెడ్తది."

ఆమె చేతిలోని తాంబూలం అరటిపండు ఆయన వీపు మీద పడింది.

అప్పుడే గేటు చప్పుడైంది. ఎవరో కొత్త కుర్రాడు, భుజాన వైరు చుట్ట, ఇంటర్నెట్ పెట్టించుకుంటారా అని అడగడానికి వచ్చాడు. సారంగపాణి వెంటనే వంగి సెకండ్ షిఫ్ట్‌ను అందుకున్నాడు. ఆయన కంటే ముందే వెంకమ్మ గేటు దగ్గరికి చేరింది. కొంగు నడుముకు చెక్కి ఉంది, మెడ మీద ఎండ పడుతోంది. కుర్రాడి చూపు అక్కడే ఆగింది.

"బొల్లి," అంది ఆమె. "అంటదు. రా, కూసో. ముందుగాల మంచినీళ్లు తాగు."

కుర్రాడు సిగ్గుపడి, ఆమె చేతిలోంచి గ్లాసు అందుకుని, వరండాలో కుర్చీ లాక్కున్నాడు. వెంకమ్మ ఎదురుగా కూర్చుని, నెలకు ఎంత, సీరియళ్లు వస్తాయా అని విచారించసాగింది.

సారంగపాణి కోడిని చంకలో పెట్టుకుని గడప దగ్గరికి వచ్చాడు. "మరి ఇది?" అన్నాడు.

"ఆగుర్రి ఇద్దరూ," అంది వెంకమ్మ. "నేను మాట్లాడుతున్న."