తాకతు మందుకు పథ్యం

నా చేతి కష్టంతో నేను మొదటిసారి కొనుక్కున్న మందు ఏ రోగానికీ కాదు. అప్పటికి జ్వరం వచ్చి తగ్గిపోయింది. కడుపునొప్పి లేదు, కాలునొప్పి లేదు. నా పెనిమిటి తిరిగి వచ్చేసరికి, ఆయన విడిచిపోయినప్పుడు ఎట్లా ఉన్నానో అట్లాగే ఉండాలి. నా కోరిక అంతే. ఆ మాట చెబితే నవ్వుతారని ఎవరికీ చెప్పకుండా దేవరకొండ అంగడికి పోయి సీసా కొనుక్కొచ్చాను.

ఇప్పుడు అదే దేవరకొండలో మందుల దుకాణాలకు పోతే సగం అలమారలు రోగం లేనివాళ్ల మందులతోనే నిండి ఉంటాయి. జుట్టుకొకటి, ఎముకలకొకటి, పిల్లల తెలివికొకటి. మొన్న మా మనుమరాలు నాకూ ఒక డబ్బా తెచ్చింది. "దేనికే ఇది?" అంటే "దేనికీ గాదు అమ్మమ్మా, ఊరికెనే, పానానికి మంచిది" అన్నది. దాన్ని చూసి నవ్వు వచ్చింది. దేనికీ కాని మందును ఎవరూ ఊరికే కొనరు. ఏదో ఒక ఆశ ఉంటేనే కొంటారు. ఆ సంగతి దానికి తెలియకపోవచ్చు గానీ నాకు తెలుసు.

మాది గొర్ల కాపరుల ఇల్లు. నేను కాపురానికి వచ్చేనాటికే మామ లేడు. అత్త, నా పెనిమిటి, నేను. ఒక మంద, పాలకు ఒక బర్రె, గుట్ట కింద కొంచెం జొన్నచేను. నేను అప్పుడు బొద్దుగా ఉండేదాన్ని. ఆయన నన్ను పేరు పెట్టి పిలవడు, "బూరె" అని పిలిచేవాడు. కోపం వచ్చినట్టు చేసేదాన్ని గానీ, ఆ పిలుపు కోసమే పనిలేకపోయినా దొడ్డి వైపు పోయి నిలబడేదాన్ని. నాకు అక్షరాలు నేర్పిందీ ఆయనే. బొగ్గుముక్కతో గోడ మీద రాసి దిద్దమనేవాడు. అత్త చూసి, "గోడలు పూసేది నేను, ఖరాబు జేసేది మీరు" అని తిట్టేది. మా అత్త నోరు అట్లాంటిది. ప్రేమగా మాట్లాడటం ఆమెకు చేతకాదు.

ఆయన దొరల మీద లేచిన సంఘంలో కలిశాడు. రజాకార్లు ఊళ్ల మీద పడి తిరుగుతున్న కాలమది. ఆయన కోసం అడుగుతున్నారని తెలిసి, ఒకనాడు తెల్లవారుతుండగా గొంగడి భుజాన వేసుకొని బయలుదేరాడు. అత్త సజ్జరొట్టెల మూట ఆయన చేతికిచ్చి, "పో, నిలవడకు" అన్నది. ఆయన నా వైపు తిరిగి, "నేనొచ్చెదాంక గిట్లనే ఉండు. సిక్కిపోయినవనుకో, గుర్తువట్ట" అన్నాడు. పోయేటప్పుడు ఏదో ఒకటి అనాలి కదా, అందుకే అన్నాడేమో. పదహారేళ్ల పిల్లకు మాత్రం అది ఆజ్ఞ అయి కూర్చుంది.

ఆ వానకాలం నాకు చలిజ్వరం పట్టుకుంది. లేచేసరికి సగం జుట్టు దువ్వెనకు వచ్చేసింది. గాజులు మోచేతి దాకా జారేవి. రవిక వదులై భుజం మీద నిలవకపోయేది. ఆ మధ్యనే రజాకార్లు వచ్చి మందలో మంచి పొట్టేళ్లను ఏరుకొని తోలుకుపోయారు. అత్త ఆ పొట్టేళ్ల కోసం ఏడ్చింది. నేను నా బుగ్గల కోసం ఏడ్చాను. ఇప్పుడు తలచుకుంటే సిగ్గుగా కూడా లేదు. ఆ వయసు అట్లాంటిది.

తర్వాత పోలీసు చర్య జరిగింది. పట్నం నుంచి కబురు వచ్చిన రోజు ఊళ్లో డప్పు కొట్టారు. దాక్కున్నవాళ్లు కొందరు ఇండ్లకు వచ్చారు. ఆయన కూడా వస్తాడని నేను తలంటుకొని, ఉన్న ఆ కొంచెం జుట్టుకే పూలు పెట్టుకొని కూర్చున్నాను. రాలేదు. సంఘం వాళ్లు ఇంకా అడవిలోనే ఉన్నారనీ, వాళ్ల కోసం ఇప్పుడు మిలిటరీ తిరుగుతున్నదనీ చెప్పారు. ఎప్పుడు వస్తాడో ఎవరూ చెప్పలేరు. రేపే రావచ్చు. ఆ రేపు అనే మాటే నన్ను నిలవనీయలేదు. రేపు వస్తే నన్ను ఇట్లా చూస్తాడు కదా అని బెంగ.

అప్పుడే అంగడిలో తాకతు మందు, అంటే బలం మందు, అమ్మే మనిషిని చూశాను. పట్నం నుంచి వచ్చేవాడు. ఖిల్లా గుట్ట నీడ పడే చోట గుడ్డ పరిచి, సీసాలు పేర్చి, వెనక ఒక బొమ్మల పలక నిలబెట్టేవాడు. పలక మీద ఒక పక్క ఎముకల గూడులాంటి ఆడమనిషి, మరో పక్క నిండుగా నవ్వుతున్న ఆడమనిషి. ఇద్దరికీ ఒకే ముక్కుపుడక. అంటే ఇద్దరూ ఒకరేనన్నమాట. నేను ఆ ముక్కుపుడక వైపు చూస్తూ ఎంతసేపు నిలబడ్డానో నాకే తెలియదు. సీసా మీద అంతకుముందు పాత సర్కారు కిరీటం బొమ్మ ఉండేదట. పోలీసు చర్య తర్వాత అది పోయి మూడు రంగుల జెండా వచ్చింది. లోపలి మందు మాత్రం మారలేదు.

"రోగమున్నోళ్లు దవాఖానకు పొండ్రి!" అని అరుస్తున్నాడు. "గిది రోగం లేనోళ్ల దవా. తాగితె పెయికి తాకత్, మొఖానికి కళ!"

నన్ను చూసి గొంతు తగ్గించాడు. ఏం బాధ అని అడగలేదు. నా గాజుల వైపు చూసి, "ఇంటాయన ఊళ్ల లేడా బిడ్డా?" అన్నాడు. నేను తల దించుకున్నాను. ఆయన ఇంకేమీ అడగకుండా ఒక సీసా తీసి నా చేతిలో పెట్టాడు. అంతమందిలో నా మనసులో మాట పట్టుకున్నది ఆ ఒక్క మనిషేనని నాకు నమ్మకం కుదిరింది. గొంగళ్లు నేసేవాళ్లకు ఉన్ని వడికి ఇచ్చి దాచుకున్న పైసలు ఆయన గుడ్డ మీద పోశాను.

"ఇగో, ఇను" అన్నాడు. "దీనికి పథ్యమున్నది. పొద్దున, మాపు పాలు తాగాలె. జొన్నగట్కల నెయ్యి పోసుకోవాలె. గుడ్డు తినాలె. అంగడినాడు జర మాంసం ముట్టాలె. ఉత్త కడుపుతోని పండొద్దు. పథ్యం తప్పితె దవా పనిజెయ్యది, మల్ల నా మీద అనొద్దు."

ఇంటికి రాగానే అత్త సీసా చూసింది. ఇక చూడాలి. "ఉన్నియంత వడికి గీ ఎర్రనీళ్లు తెచ్చినవా? నీకేం రోగమే? ఎవలు జెప్పిన్రే?" అని వాకిట్లో నిలబడి ఇల్లెక్కి అరిచినట్టు అరిచింది. నేను ఏడుస్తూ, "తాకతు కోసం అత్తా" అన్నాను. ఎవరి కోసం తాకతో చెప్పలేదు. ఆమె కాసేపు నా ముఖం చూసింది. సీసా మూత తీసి వాసన చూసింది. తర్వాత తిట్టడం మాని, "పథ్యమేం జెప్పిండు?" అని అడిగింది.

మా ఇండ్లల్లో కోడలు ఆఖరుకు తింటుంది. గిన్నెలో ఏది మిగిలితే అది. కోడలు పాలడిగితే తిండిపోతు అంటారు. అదే మందు పాలడిగితే ఎవరూ కాదనరు. పథ్యం అంటే తిండి కాదు, దాన్ని తప్పకూడదు. ఆ మరునాటి నుంచి అత్త తెల్లవారగానే బర్రెను పిండి, పొంగే పాలు గిన్నె నిండా పోసి నా ముందు పెట్టేది. "తాగు, లేకుంటె నీ ఎర్రనీళ్లు పనిజెయ్యయి" అనేది. గట్కలో నెయ్యి పోసేది. కోడి గుడ్డు పెడితే అది నాకే. "నీ పథ్యం జెయ్యలేక సస్తున్న" అని రోజూ విసుక్కుంటూనే ఒక్క పూట తప్పనీయలేదు.

"నువ్వు తినవా అత్తా?" అంటే "నేను తిన్న" అనేది. లేదా "గొర్లెంట నడిసేదానికి అంబలి సాలు, నాకెందుకే నెయ్యి" అనేది. ఆమె అంబలి ముంత పట్టుకొని మంద వెంట పోయేది, నేను వసారాలో ఉన్ని వడికేదాన్ని. వచ్చే అంగడికి మళ్లీ సీసా కొనాలి కదా.

కొన్నాళ్లకు నా గాజులు మణికట్టు దగ్గర నిలిచాయి. రవిక సరిపోయింది. జుట్టు కొత్తగా మొలిచి నుదుటి మీద రింగులు తిరిగింది. నీళ్ల బాయి దగ్గర ఆడవాళ్లు నన్ను చుట్టుముట్టారు. "ఏం తింటున్నవే?" అని ఒకటే అడగడం. నేను గొప్పగా సీసా పేరు చెప్పాను. ఇక మా ఊరి నుంచి ఆ మందు కోసం అంగడికి బారు కట్టారు.

ఎవరెవరు కొన్నారో ఇప్పటికీ కళ్లకు కడుతుంది. కొడుకు జైలులో ఉన్న తల్లి కొన్నది. మొగడు అడవిలో ఉన్న ఇల్లాలు కొన్నది. ఒకామె భర్త కాల్పుల్లో పోయాడని ఊరందరికీ తెలుసు. ఆమె కూడా కొన్నది, ఎందుకని ఎవరూ అడగలేదు. ఆకలికి మందు కొన్నవాళ్లు, బెంగకు మందు కొన్నవాళ్లు, పక్కింటామె కొన్నదని కొన్నవాళ్లు. చాలామందికి పని చేయలేదు. అమ్మినాయన మీదికి పోతే, "పాలు తాగినవా? నెయ్యి తిన్నవా? మరి పథ్యం జెయ్యకుంటె నేనేం జెయ్యాలె?" అన్నాడు. పాలూ నెయ్యీ ఉన్నవాళ్లకు ఆ మందెందుకని మాకు ఎవరికీ తట్టలేదు. వాళ్లు తలలు దించుకొని, తప్పు తమదేననుకొని ఇండ్లకు వచ్చారు.

నాకు పని చేసింది కనుక నాకు అనుమానమే రాలేదు. రోజూ రెండు చెంచాలు తాగి, చెంబు నీళ్లలో ముఖం చూసుకొని, ఆయన ఎటు నుంచి వస్తాడు, మొదట ఏమంటాడు అని ఊహించుకునేదాన్ని. ఎండాకాలం పోయేది, వానలు వచ్చేవి. ఆయనను పట్టుకున్నారనీ, జైలులో పెట్టారనీ తెలిసింది. ఏ జైలో, ఎన్నాళ్లో ఎవరూ చెప్పలేదు. మిలిటరీ వాళ్లు వచ్చినప్పుడల్లా మందలోంచి మరికొన్ని పోయాయి. బర్రె ముసలిదై పాలు తగ్గాయి. ఆ తగ్గిన పాలు కూడా నా గిన్నెలోకే వచ్చేవి. నా గిన్నె ఎప్పుడూ నిండుగానే ఉండేది కాబట్టి పాలు తగ్గినట్టే నాకు తెలియలేదు. ఆయన పిలుపు చెవిన పడక ఎంత కాలమైందో, ఆ గొంతు ఎట్లా ఉండేదో కూడా కొన్నిసార్లు గుర్తుకు రాకపోయేది. అప్పుడు భయమేసేది. భయమేసిన రోజు ఇంకో చెంచా ఎక్కువ తాగేదాన్ని.

చివరికి జైళ్లలో ఉన్నవాళ్లను వదులుతున్నారని విన్నాం. ఒకనాడు మధ్యాహ్నం నేను వాకిట్లో జొన్నలు దంచుతున్నాను. వాకిలికి అడ్డం పెట్టిన ముళ్లకంప తీసిన చప్పుడైంది. తల ఎత్తితే ఆయన. గడ్డం పెరిగింది, కొంచెం కుంటుతున్నాడు, అయినా ఆయనే. రోకలి చేతిలో పట్టుకొనే రెండడుగులు ముందుకు వేశాను. ఆయన నన్ను పైనుంచి కిందికి చూశాడు. నవ్వాడు.

"బూరె, నువ్వు గట్లనే ఉన్నవ్" అన్నాడు.

ఆ ఒక్క మాట కోసం నేను అన్నేండ్లు ఉన్ని వడికాను. ఆ సంతోషం ఇంకెప్పుడూ నాకు రాలేదు. బిడ్డలు పుట్టినప్పుడు కూడా రాలేదు. అబద్ధం చెప్పడమెందుకు.

ఇంతలో దొడ్డి వైపు నుంచి అత్త కాళ్లకు నీళ్లు తెచ్చింది. ఆయన చెంబు అందుకున్నాడు. కాళ్లు కడుక్కున్నాడు, ముఖం కడుక్కున్నాడు. చెంబు తిరిగి ఆమె చేతికిచ్చి, "సల్లగుండు అవ్వా" అన్నాడు, దారిలో నీళ్లిచ్చిన ఎవరో ముసలామెతో అన్నట్టు. అని, నా వైపు తిరిగి అడిగాడు.

"అమ్మ ఏది? గొర్లెంట పోయిందా?"

 అప్పుడు అత్తను చూశాను. రోజూ చూసే మనిషిని అప్పుడు చూశాను. మెడ ఎముకలు బయటికి పొడుచుకొచ్చాయి. చెంబు పట్టుకున్న చెయ్యి ఎండిన కట్టెపుల్ల. కడియం జారిపోకుండా గుడ్డపీలిక కట్టుకుంది. కండ్లు లోపలికి పోయాయి. ఆ కండ్లు మాత్రం నవ్వుతున్నాయి.

"గీడనే ఉన్న కొడకా" అన్నది.

ఆయన ఆమె చెయ్యి పట్టుకొని అక్కడే మట్టిలో కూలబడ్డాడు. ఆమె చెయ్యి లాక్కుంది. "నన్నేం జూస్తవురా, ముసలిదాన్ని. నీ పెండ్లాన్ని జూడు. నువ్వెట్ల ఇడిసిపోయినవో గట్లనే అప్పజెప్తున్న" అన్నది.

నేను ఎవరి కోసం తాకతు కావాలనుకున్నానో ఆమెకు మొదటి రోజు నుంచీ తెలుసు.

ఆ తర్వాత మేమిద్దరం ఆమెకు పాలు పోశాం, నెయ్యి పోశాం, మాంసం వండిపెట్టాం. అప్పటికే ఆమె కడుపు ముడుచుకుపోయింది. రెండు ముద్దలు తిని గిన్నె నా వైపు నెట్టేది. మరుసటి ఏడు జొన్న కంకి వేయకముందే పోయింది. ఆ మందు అమ్మినాయన మీద నాకు ఇప్పటికీ కోపం లేదు. ఆయన సీసాలో ఉన్నది బెల్లం పాకం, మిరియాలేనేమో. దానికి పథ్యం ఎవరు చేశారన్నదే అసలు మాట.

నా పెనిమిటి కోసం ఎదురుచూపు ఆ మధ్యాహ్నంతో తీరింది. ఆమె కోసం తీరలేదు. ఇప్పుడు ఆమె కంటే నేనే పెద్దదాన్ని. ఇంట్లో పాలున్నాయి, నెయ్యి ఉంది, మనుమరాలు తెచ్చిన డబ్బా ఉంది. నన్ను తిట్టుకుంటూనైనా సరే, మా అత్త ఒక్క పూట నాకంటే ముందు కూర్చొని కడుపునిండా తింటుంటే చూడాలని ఉంది.